ఎర్రగడ్డను అత్తవారింటికి పంపిన వైనం

1935 జూన్‌లో నన్ను రాజపాళయంలోని ఒక హైస్కూలుకు నాచురల్ సైన్స్ అసిస్టెంటుగా వేశారు. వేశారనడం కూడా కొంచెం ఎక్కువే. ఉత్తర్వులో ఉద్యోగం పేరు ముందు ‘ఆక్టింగ్’ అన్న మాట ఉంది. అంటే పని పూర్తిగా చేయాలి, ఉద్యోగం మాత్రం పూర్తిగా ఉండదు. వృక్షశాస్త్రంలో బి.ఏ., దాని మీద పంతులు పనికి కావలసిన ఎల్.టి. చేతబట్టుకుని తెనాలి నుంచి రైళ్ళు మారి మారి దిగాను. దిగగానే చెవిన తెలుగు పడింది. ప్రాణం లేచివచ్చింది. కాసేపు విన్నాక అది తెలుగేనా అని అనుమానం వచ్చింది. ఎప్పుడో నాయకరాజుల కాలంలో వచ్చి స్థిరపడ్డవాళ్ళ భాష. సగం మాటలు అరవం, మిగిలిన సగం మా తాత చిన్నప్పటివి. నా తెలుగు గురించి వాళ్ళకూ ఇంచుమించు ఇదే అభిప్రాయమని తర్వాత తెలిసింది.

ఆక్టింగ్ అన్న మాటను నాకంటే ఎక్కువ శ్రద్ధగా చదివినవారు మా మామగారు. నాకు అప్పటికి పెళ్ళయింది, కాపురం మాత్రం లేదు. ఉద్యోగం ఖాయమయితేనే పిల్లను పంపుతానని ఆయన కచ్చితంగా చెప్పేశారు. ఆక్టింగ్ ఉద్యోగస్థుడికి ఆక్టింగ్ కాపురం చాలునని ఎవరితోనో అన్నారట కూడా. ఆయన హాస్యప్రియులని పేరు.

ఉద్యోగం ఖాయం కావడానికి ఒకటే దారి. ఆ రోజుల్లో ఎస్.ఎస్.ఎల్.సి.లో అందరూ చదవాల్సిన సబ్జెక్టులు కాక ‘సి గ్రూపు’ అని ఐచ్ఛికాలుండేవి. ఏ స్కూలైనా ఐచ్ఛికం ఒకటి చెప్పాలంటే విద్యాశాఖ గుర్తింపు కావాలి. మా స్కూలుకు వృక్షశాస్త్రం చెప్పాలని కోరిక పుట్టింది. గుర్తింపు వస్తే నా పోస్టు నిలుస్తుంది, మా ఆవిడ వస్తుంది. రాకపోతే నేనే తెనాలి వెళ్ళి మామగారి హాస్యం వింటూ కూర్చోవాలి.

గుర్తింపుకు ముఖ్యమైన షరతు తోట. తోటంటే షికారు చేసే తోట కాదు. అప్పట్లో దగ్గరి పోలికలున్న మొక్కల గుంపును ‘ఆర్డరు’ అనేవాళ్ళం. పత్తి, బెండ, మందారం ఒక ఆర్డరు. వరి, చెరుకు, వెదురు ఒక ఆర్డరు. ఒక్కొక్క ఆర్డరుకూ ఒక మడి కట్టి, మడి తలాపున రేకు పలక నిలబెట్టి, దాని మీద లాటిన్ పేరు రాయాలి. పిల్లలు మడుల చుట్టూ తిరిగితే ఆర్డరు లక్షణాలు వాటంతట అవే తలకెక్కుతాయని పైవాళ్ళ నమ్మకం. మా తోటలో పిల్లలకంటే మేకలు ఎక్కువ తిరిగేవి. ఏ ఆర్డరు తినదగినదో వాటికి బాగానే తలకెక్కింది.

స్థలం ఉంది, బావి ఉంది, ఖర్చు పెట్టేవాళ్ళు లేరు. దీనికి మా హెడ్మాస్టరు గుడి నుంచి ఉపాయం తెచ్చారు. అక్కడి గుడి ఉత్సవాల్లో ఒక్కొక్క రోజు ఖర్చు, ఆ రోజు మర్యాద ఒక్కొక్క ఇంటివారివి. దాన్ని మండగప్పడి అంటారు. అదే పద్ధతిలో ఒక్కొక్క మడినీ ఒక్కొక్క ఇంటికి ఇచ్చేశారు. తవ్వకం, ఎరువు, కంచె, నీళ్ళు ఆ ఇంటివారివి; తలాపున రాతి మీద పేరు కూడా ఆ ఇంటివారిదే. పత్తి ఊరు కాబట్టి పత్తి ఆర్డరు కోసం మూడు ఇళ్ళవాళ్ళు చొక్కాలు పట్టుకునేదాకా వచ్చారు. వృక్షశాస్త్రం మీద అంత ఆసక్తి నేను కాలేజీలో కూడా చూడలేదు.

లిల్లీ ఆర్డరును మేడ ఇంటి పెద్దమ్మ తీసుకుంది. పేరు లక్ష్మమ్మ, ఊరంతటికీ పెద్దమ్మే. భర్త పోయాక నలుగురు కొడుకులనూ, వాళ్ళ సేద్యాన్నీ ఒంటిచేత్తో నడిపిన మనిషి. నేను ఆర్డర్ల పేర్లు చదువుతుంటే ఆమె అడిగింది ఒకే ప్రశ్న.

“ఎర్రగడ్డ ఏ మడిలో ఉండాది వాద్యారూ?”

అక్కడ పంతుల్ని వాద్యారు అంటారు, ఉల్లిని ఎర్రగడ్డ అంటారు. చోళపురం దగ్గర ఆ ఇంటికి చిన్న ఉల్లి పండే పొలాలున్నాయి. మేడ లేచింది ఆ గడ్డ మీదే. లిల్లీ ఆర్డరులో ఉందని చెప్పాను. “అట్లంటే అది దా మాది,” అంది. ఆ ‘దా’ అనేది అరవం నుంచి తెచ్చుకున్న ముద్ర. అది పడిందంటే ఇక బేరం లేదని అర్థం.

పక్క మడి అమరిల్లిస్ ఆర్డరు. పత్తి మడి దక్కక ముఖం మాడ్చుకున్న పత్తి ఇంటి వి.ఎన్. తిరుపతి రాజాగారికి చివరికి మిగిలింది అదే. అందులో ఉన్నవి విషముంగలి, కంచెలకు నాటే కిత్తనార, నేలసంపెంగ. ఊళ్ళో పెద్ద పత్తి వ్యాపారి కంచె ముళ్ళకు యజమాని అయ్యాడు. నేను కనబడినప్పుడల్లా నమస్కారం మాత్రం చేసేవాడు, నవ్వేవాడు కాదు.

ఈ రెండు ఆర్డర్లకూ తేడా ఏమిటని పాఠకులు అడగవచ్చు. పిల్లలూ అడిగేవాళ్ళు. రెండింటికీ ఆరు రేకులు, ఆరు కేసరాలు, చూస్తే అక్కాచెల్లెళ్ళే. మేము చదివిన పాత పద్ధతిలో తేడా ఒక్కటే. కాయగా మారే అండాశయం రేకులు పుట్టే చోటుకు పైన ఉంటే లిల్లీ, కింద ఉంటే అమరిల్లిస్. ఉల్లికి పైన ఉంటుంది కాబట్టి లిల్లీ. కొన్ని తరాల పండితులు ఇంతటితో తృప్తిపడి నిద్రపోయారు.

1936 మొదట్లో తొలి ఇన్‌స్పెక్టరు వచ్చారు. కుర్రవాడు, సీమ నుంచి కొత్తగా దిగినవాడు. టోపీ మీద ఇంకా ఓడ వాసన పోలేదు. లిల్లీ మడి దగ్గర ఆగి, పూత మీదున్న ఉల్లికాడ ఒకటి కోసి నా ముక్కు ముందు ఆడించారు. ఉల్లి పూలన్నీ కాడ చివర ఒకేచోట నుంచి గొడుగు కమ్మల్లా లేస్తాయి. దాన్ని అంబెల్ అంటాం. సీమలో ఇప్పుడు అండాశయం ఎవరూ చూడడం లేదట, అంబెల్ చూస్తున్నారట. అంబెల్ ఉంటే అమరిల్లిస్. కాబట్టి ఉల్లి పక్క మడికి పోవాలి. ఆ లెక్కన పక్క మడిలోని కిత్తనార, నేలసంపెంగ కూడా వేరు కాపురం పెట్టాలి. ఆయన అంతదూరం చదివినట్టు లేదు, నేను గుర్తుచేయలేదు.

వేసవి సెలవుల తర్వాత తోటను సరిచేసి రాసి పంపితే తాత్కాలిక గుర్తింపు ఇస్తామన్నారు. శాశ్వత గుర్తింపు తర్వాత ఇంకో ఇన్‌స్పెక్షను మీద. మళ్ళీ మారదు కదా సార్ అని హెడ్మాస్టరు వినయంగా అడిగారు. ఇది శాస్త్రం, ఇదే ఆఖరు అని ఇన్‌స్పెక్టరుగారు బండెక్కారు. ఇంత జరుగుతున్నా ఉల్లి ఏమీ ఎరగనట్టు మడిలో నిలబడే ఉంది.

నేను మేడ ఇంటికి వెళ్ళి పెద్దమ్మకు అంబెల్ సంగతి చెప్పాను. ఆమె పూర్తిగా విని, వక్క నోట్లో వేసుకుంది.

“ఎర్రగడ్డ పోతే మా మడిలో ఏమి మిగులుతాదప్పా?”

అడవినాభి, కలబంద మిగులుతాయని చెప్పాను. నాభి గడ్డ తిని ప్రాణం తీసుకునేవాళ్ళు ఆ చుట్టుపక్కల ఏటా ఎవరో ఒకరు ఉంటారు. కలబంద దిష్టికని గుమ్మానికి వేలాడదీసేది.

“ఒకటి విషం, ఇంకోటి దిష్టి. మా ఇంటి పేరు కింద ఇవి రెండూ పెట్టినావా? ఆ పత్తి ఇంటోడికి మా ఎర్రగడ్డ ఏమిటికి ఇయ్యవల్ల? వాడు అడిగినాడా, నువ్వు ఇచ్చినావా?”

ఎవరూ అడగలేదు, సీమలో ఒక పెద్దమనిషి నిర్ణయించాడని చెప్పాను. ఆయన ఏ ఊరివాడు, ఉల్లి ఎన్ని ఎకరాలు వేస్తాడు అని అడిగింది. విషయం చావడికెక్కింది. చావడంటే ఆ వీధి పెద్దలు కూర్చుని తగవులు తీర్చే మండపం. లోకంలో వర్గీకరణ సమస్యలు పండితసభల్లో తేలతాయి. మాది ఆకూవక్కల మధ్య తేలింది. తిరుపతి రాజాగారు పంచె మడత నలగకుండా కూర్చుని, శాస్త్రం చెప్పినాక మేమేమి చేస్తామండి, వస్తే కాదనము అన్నాడు. నన్ను చూసి మొదటిసారి నవ్వాడు. పెద్దమ్మకు ఒళ్ళు మండింది. ఉల్లి కదలకపోతే తెనాలిలో మా ఆవిడ కదలదు.

అప్పుడు తిరుపతి రాజాగారు ఊరుకోక ఒక మాట తూలాడు. మేడ ఇంటోళ్ళకు తీసుకోవడం దా తెలుసు, పంపడం యాడ తెలుసు అన్నాడు.

ఆ మాట లోతు నాకు హెడ్మాస్టరు తర్వాత చెప్పారు. ఆడపిల్లను అత్తవారింటికి పంపేటప్పుడు పళ్ళాలలో పెట్టి పంపే సారెను అక్కడ సీరు అంటారు. ఏటా ఆడి మాసానికి, అంటే మన ఆషాఢానికి, మళ్ళీ సీరు పంపాలి. మేడ ఇంట్లో మూడు తరాలుగా ఆడపిల్ల పుట్టలేదు. కోడళ్ళు తెచ్చే సీరు లోపలికి రావడమే గాని, ఆ గడప దాటి ఒక్క పళ్ళెమూ బయటికి పోలేదు. వేరే ఊళ్ళో అయితే అదృష్టవంతులంటారేమో. అక్కడ అది ఎత్తిపొడుపు. పెద్దమ్మ జీవితమంతా ఆ ఎత్తిపొడుపు విన్నదట, అయితే అప్పటిదాకా ఎవరూ ముఖం మీద అనలేదట.

ఆమె అరవలేదు. కొంగు సర్దుకుని అడిగింది.

“వాద్యారూ, పోయినాక మళ్ళీ వెనక్కు రమ్మంటారా?”

ఇదే ఆఖరని ఇన్‌స్పెక్టరుగారు అన్నారని చెప్పాను. ఆయన అన్నమాట అలాగే అప్పజెప్పాను, ఒక అక్షరం ఎక్కువా తక్కువా లేదు.

“సరి. పోతాది. అయితే మడిలోంచి మడికి గడ్డపారతో పెళ్ళగించేది కాదు. మా ఇంటి బిడ్డ పోయినట్ల పోతాది. సీరుతో పోతాది. తీసుకొనేకి వాళ్ళకు ధైర్యం ఉండాదా అడుగు.”

తిరుపతి రాజాగారి నవ్వు సగంలో ఆగింది. కాదంటే భయపడ్డట్టు, అవునంటే సంబంధి, అంటే వియ్యంకుడు, అయినట్టు. పెద్దలందరూ అతని ముఖంలోకి చూస్తుంటే అవుననక తప్పింది కాదు.

వైకాసిలో, అంటే మన వైశాఖంలో, ముహూర్తం పెట్టారు. నేను ఎన్నో మొక్కలు నాటించాను, ఎన్నో పీకించాను. మేళంతో మార్పిడి చేయించిన మొక్క అదొక్కటే. ఒక ఉల్లి దుబ్బును మట్టిముద్దతో సహా ఎత్తి, పసుపు రాసి, వెండి పళ్ళెంలో పట్టుగుడ్డ మీద కూర్చోబెట్టారు. వెల్లుల్లి కూడా అదే ఆర్డరుకు పోవలసినదే గాని, ఆ ఎండకు ముందే చచ్చిపోయి ఒక పెళ్ళి ఖర్చు తప్పించింది. వెనక సీరు పళ్ళాలు: టెంకాయలు, బెల్లం, పసుపుకొమ్ములు, రవికెగుడ్డ, ఇత్తడి బిందె, కొత్త తవ్వుకోల, పట్టు కప్పిన గంపల్లో బాగా మాగిన పెంట. పెంటగంపల మీద పట్టు చూసి నేను నవ్వబోయాను. హెడ్మాస్టరు నా కాలు తొక్కారు. సంబంధం కుదిర్చినవాడు ముందు నడవాలని నన్నే మేళం ముందు నిలబెట్టారు. ఎల్.టి. పరీక్షలో ఈ భాగం లేదు.

ఊరేగింపు మేడ ఇంటి నుంచి బయలుదేరి, అక్కర్లేని వీధులన్నీ తిరిగి స్కూలుకు చేరింది. లిల్లీ మడికీ అమరిల్లిస్ మడికీ మధ్య కాలిబాట తప్ప ఏమీ లేదు. అయినా ఆ గడప దాటే పళ్ళాలను ఊరంతా చూడాలి కదా. అమరిల్లిస్ మడి దగ్గర తిరుపతి రాజాగారి భార్య రంగమ్మగారు హారతి ఇచ్చి లోపలికి తీసుకుంది. మడిలో పెట్టి మన్ను కప్పేటప్పుడు పెద్దమ్మ ముఖం పక్కకు తిప్పుకుంది. ఉల్లి కదా, కళ్ళు మండి ఉంటాయని నేను సరిపెట్టుకున్నాను.

నేను పలకలు మార్చి పైకి రాసి పంపాను. తాత్కాలిక గుర్తింపు వచ్చింది. నా పోస్టు ఇంకో రెండేళ్ళు పొడిగించారు, ఆక్టింగ్ మాత్రం అలాగే ఉంచారు. మామగారికి రాస్తే, తాత్కాలికం అంటే ఏమిటో నిఘంటువు చూసి చెబుతాను అని జవాబిచ్చారు.

రెండు ఇళ్ళూ కొత్త చుట్టరికాన్ని మాత్రం శాశ్వతంగానే తీసుకున్నాయి. ఆడి రాగానే మేడ ఇంటి సీరు అమరిల్లిస్ మడికి వచ్చేది. పత్తి ఇంట్లో శుభకార్యమైతే పెద్దమ్మకు సంబంధి తాంబూలం వెళ్ళేది. చిన్న ఉల్లి కొన్ని నెలలకే పండి ఎండిపోయే పంట. దాని పిల్లగడ్డనే మళ్ళీ మళ్ళీ నాటుతాం. అంటే అత్తవారింటికి వెళ్ళిన పిల్ల ఏనాడో పోయింది, ఉన్నది దాని మునిమనవరాలు. ఈ శాస్త్రవిషయం నేను బయటికి చెప్పలేదు.

1938లో శాశ్వత గుర్తింపు కోసం రెండో ఇన్‌స్పెక్టరు వచ్చారు. రిటైరు కావడానికి దగ్గర పడ్డవారు, మేము చదివిన పాత పద్ధతిలో తల నెరిసినవారు. అమరిల్లిస్ మడిలో ఉల్లి కనబడగానే పాము కనబడ్డట్టు వెనక్కి గెంతారు. దీన్ని ఇక్కడ పెట్టిన గాడిద ఎవరన్నారు. గాడిద పక్కనే నిలబడి ఉంది కాబట్టి కిక్కురుమనలేదు. ముందటి ఇన్‌స్పెక్టరుగారి పేరెత్తితే, ఆ పిల్లకాయకు అండాశయం ఎక్కడుంటుందో చూపించినవాడు లేడా అన్నారు. తాము తెన్‌కాశి క్యాంపుకు వెళుతున్నామనీ, తిరుగు ప్రయాణంలో దిగి చూస్తామనీ, అప్పటికి ఉల్లి లిల్లీ మడిలో లేకపోతే గుర్తింపు లేదనీ చెప్పి వెళ్ళిపోయారు. ఒకరిది గొడుగు, ఒకరిది కాయ. మధ్యలో నా కాపురం.

పలక మారిస్తే చాలదా అని మీరనవచ్చు. నేనూ అడిగాను. మొక్క కదలాలన్నారు. సరే, తల ప్రాణం తోకకొచ్చి మేడ ఇంటికి వెళ్ళాను. పెద్దమ్మ నేను చెప్పేది సగంలోనే ఆపింది.

“పంపిన బిడ్డను వెనక్కు తెచ్చుకోమంటావా? ఆఖరు అని చెప్పినది ఎవరు? నువ్వు కదా మేళం ముందర నడిచినావు?”

తప్పు ఇన్‌స్పెక్టర్లదని మొరపెట్టుకున్నాను. ఈ ఒక్కసారికి, ఎవరూ చూడకుండా, గంపలో పెట్టి తెద్దామన్నాను. అది అనకుండా ఉండవలసింది.

“గంపలోనా? మొగుడు వదిలేసినోళ్ళను తెచ్చినట్లనా?” అని లేచి నిలబడింది. తర్వాత కొంచెం శాంతించి, “అప్పా, నీ పెండ్లాం పుట్టింట్లో కూర్చోనుండాది. ఊళ్ళో ఆ బిడ్డను ఏమేమి అంటా ఉండారో నీకు ఎవరన్నా రాసినారా? నీకన్నా తెలియలేదా?” అంది.

నాకు ఎవరూ రాయలేదు. నేనూ ఎప్పుడూ ఆలోచించలేదు. మామగారి మీద కోపంతో నేను మూడేళ్ళు హాయిగా బతికాను. ఆ కోపం ఖర్చు ఆవిడ భరిస్తున్నదని ఆ రోజే తోచింది. బయటికి వచ్చాను.

పత్తి ఇంట్లో ఇంకా మర్యాద జరిగింది. ఒకప్పుడు ఉల్లి దక్కిందని ఎగతాళిగా నవ్విన తిరుపతి రాజాగారే ఇప్పుడు కళ్ళెర్రజేశాడు. “మా కోడలిని పంపేదా? ఏమి కొరత పెట్టినాము సార్ మేము? నీళ్ళు లేదా, ఎరువు లేదా? మీ ఇన్‌స్పెక్టరు వచ్చి అడగనీ, నేను చెప్తాను,” అన్నాడు. రెండేళ్ళ కిందట ఒకరి నీడ ఒకరికి పడని రెండు ఇళ్ళు నా మీద ఒకటయ్యాయి. వృక్షశాస్త్రం మనుషులను కలుపుతుందని ఎవరైనా అంటే నేను కాదనను.

ఇన్‌స్పెక్టరు దిగవలసిన రోజుకు ముందు ఉదయం నేను తోటలో ఉన్నాను. పెట్టె సర్దుకోవడమొక్కటే మిగిలింది. పెద్దమ్మ వచ్చింది. నేరుగా అమరిల్లిస్ మడిలోకి దిగి, దుబ్బు మొదట్లో మన్ను వేళ్ళతో పక్కకు తీసింది. చాలాసేపు చూసింది. తర్వాత తోటమాలిని పంపి రంగమ్మగారిని పిలిపించింది. ఆవిడ వెంట భర్తా వచ్చాడు.

“చూడు రంగమ్మా. కడుపుతో ఉండాది.”

చూశాము. చిన్న ఉల్లి నాటితే ఒక గడ్డ పక్కనుంచి పిల్లగడ్డలు చీలతాయి. మా భాషలో ఆఫ్‌సెట్లు. పొరకింద అవి పొడుచుకొస్తున్నాయి.

“తొలి కాన్పు పుట్టింట్లో దా,” అంది పెద్దమ్మ. “అది ఊరి వాడిక. నేను తీసుకొని పోతాను. పురుడు అయినాక తల్లీ బిడ్డలను మీ ఇంట్లో దిగబెడతాను. ఇందులో ఎవరికీ తలవంపు లేదు.”

రంగమ్మగారు వెంటనే తలూపింది. తిరుపతి రాజాగారు మాత్రం గంభీరంగా గొంతు సవరించుకుని, పురుడు అయ్యేదాకా దా, ఆ మీద ఒక దినం కూడా ఉంచరాదు అన్నాడు. పెద్దమ్మ సరేనంది. నేను ఆ మడిలో రెండేళ్ళుగా అయిన కాన్పులు లెక్కబెట్టి ఇది తొలికాన్పు కాదనబోయి, జన్మలో మొదటిసారి సమయానికి నోరు మూసుకున్నాను.

ఉత్తచేతులతో పంపకూడదని రంగమ్మగారు కడుపుతో ఉన్న ఆడవాళ్ళకు తొడిగే పచ్చగాజులు తెప్పించి, ఒక్కొక్క ఆకుకూ తొడిగింది. ముగ్గురు ముత్తయిదువలు పాట పాడారు. ఉల్లి లిల్లీ మడికి చేరింది. పుట్టింటికి వచ్చిన పిల్లకు ఇష్టమని పెద్దమ్మ బావి నీళ్ళు తనే పోసింది.

మర్నాడు ఇన్‌స్పెక్టరుగారు వచ్చి, లిల్లీ మడిలో ఉల్లిని చూసి, అండాశయం తమ మాట విని తిరిగివచ్చినట్టు సంతోషించారు. తర్వాత వంగి, ఆ గాజులేమిటని అడిగారు. మా హెడ్మాస్టరు క్షణం తడబడకుండా, పురుగు పట్టకుండా సార్ అన్నారు. ఇన్‌స్పెక్టరుగారు తలాడించి రాసుకున్నారు. గుర్తింపు ఉత్తర్వుతో పాటు వచ్చిన నివేదికలో, ఉల్లి ఆకులకు గాజు కట్లు వేసి చీడను నివారించే స్థానిక విధానం మిగిలిన స్కూళ్ళవారు కూడా పరిశీలించదగినదని ఉంది. ఎన్ని స్కూళ్ళు పరిశీలించాయో తెలియదు.

నా పేరు ముందు ఆక్టింగ్ పోయింది. మామగారి కోసం ఆగకుండా సెలవు పెట్టి నేనే వెళ్ళి మా ఆవిడను తెచ్చుకున్నాను. ఆయన ముహూర్తం గురించి ఏదో అంటున్నారు, రైలు కదిలింది. కాపురం పెట్టిన రోజు పెద్దమ్మ ఒక గంప ఎర్రగడ్డలు పంపింది. మా ఆవిడ పులుసు పెట్టింది. అవి ఎవరి పిల్లలో నేను చెప్పలేదు.

అప్పటి నుంచి ప్రతి ఇన్‌స్పెక్షనుకు ముందూ పక్క ఊళ్ళ స్కూళ్ళకు కబురు పెట్టి, రాబోయే మనిషి కాయ చూసేవాడా గొడుగు చూసేవాడా అని తెలుసుకునేవాణ్ణి. గొడుగయితే పిల్ల అత్తవారింట్లో ఉండేది. కాయయితే పురిటికి వచ్చేది. ఏ ఇన్‌స్పెక్టరూ తప్పు పట్టలేదు. తొలి కాన్పు ఎన్నిసార్లు వస్తుందని ఊళ్ళోనూ ఎవరూ అడగలేదు.

పెద్దమ్మ 1946లో పోయింది. నేను అప్పటికి కాలేజీ ఉద్యోగానికి వెళ్ళబోతూ చార్జి అప్పగించే పనిలో ఉన్నాను. ఆ ఊళ్ళో శవం మీద కొత్తబట్ట కప్పడానికి ఒక వరస ఉంటుంది. ముందు కోడళ్ళ పుట్టిళ్ళవారు, ఆ తర్వాత ఆడపిల్ల అత్తవారు. మేడ ఇంటి చావుల్లో రెండో వరస పిలవకుండానే దాటేసేవారు. ఆ రోజు కూడా పిలిచే పెద్దాయన దాటేయబోయాడు. అప్పుడు వెనకనుంచి తిరుపతి రాజాగారు లేచి, “ఆడబిడ్డ ఇంటోళ్ళము ఉండాము,” అన్నాడు. చేతిలో కొత్తబట్ట. వెనక రంగమ్మగారు, దోసిట్లో మట్టితో సహా ఒక ఉల్లి దుబ్బు. నాకు నవ్వొస్తుందేమోనని భయపడ్డాను. రాలేదు. ఏడుపు వచ్చింది. ఒక్కరూ కిసుక్కుమనలేదు, దారి ఇచ్చారు, వాళ్ళు బట్ట కప్పారు.

ఉల్లి ఏ ఆర్డరుదో పదవీ విరమణ నాటికి కూడా నాకు తేలలేదు. నేను చదివింది ఒకటి, చెప్పింది ఇంకొకటి, ఇప్పటివాళ్ళు చెబుతున్నది మరొకటని విన్నాను. ఈ వ్యవహారంలో నేను నేర్చుకున్నది చిన్న విషయం. వర్గీకరణ మార్చాలంటే పలక మారిస్తే సరిపోతుంది. మొక్కను మార్చాలంటే మాత్రం, అది ఉన్న ఇంటినీ వెళ్ళబోయే ఇంటినీ ముందు అడగాలి. ఇద్దరికీ తలవంపు లేని దారి ఉంటేనే గడ్డపార ముట్టుకోవాలి. చార్జి అప్పగించేటప్పుడు నా తర్వాత వచ్చిన కుర్రవాడికి తోట చూపించి ఇదే చెప్పాను. అతనిది నా కంటే పెద్ద డిగ్రీ. మర్యాదగా నవ్వి, సార్, ఇది శాస్త్రం కదా అన్నాడు.

మరుసటి ఏడు అతని దగ్గర నుంచి కార్డు వచ్చింది. పచ్చగాజులు ఏ కొట్లో దొరుకుతాయని అడిగాడు.